నిశానీ

బర్బాంక్‌లో, మాగ్నోలియా వీధి చివర
కిటికీ లేని గదిలో
నా ఉద్యోగం దుమ్ము దులపడం.
ఇంట్లో చీపురు ముట్టనని పేరుంది నాకు.
ఇక్కడ దులిపేది మాత్రం
పందొమ్మిదివందల నలభై ఆరు నాటి దుమ్ము.

ఏడు నిమిషాల కార్టూను.
పోస్ట్‌మాన్ ఉద్యోగం దొరికిన మేక ఒకటి
ఊరి ఉత్తరాలు పంచకుండా నమిలేస్తుంది.
అంతే కథ.
విప్పితే పదివేల ఎనభై ఫ్రేములు.
ఒక్కోదాని ముందూ ఆగి
పిల్లల తలలో పేలు చూసినట్టు చూస్తాను.

డబ్బా మూత తీస్తే తడి సాక్సుల వాసన.
లోపల అంతా నలుపూ తెలుపే.
ప్రతి బొమ్మనీ మూడుసార్లు తీశారు,
ఎరుపు జల్లెడలోంచి, పచ్చలోంచి, నీలంలోంచి.
ఆ మూడూ ఒకదానిమీదొకటి అతికితేనే
మేకకి గులాబీ చెవులు.
వెంట్రుకవాసి జరిగినా
మేక చుట్టూ ఇంకో మేక, జ్వరమొచ్చినట్టు.

యంత్రానికి తెలిసింది ఒక్కటే:
ముందు ఫ్రేములోనూ వెనక ఫ్రేములోనూ లేనిది
మురికి.
ఆ లెక్కన తల విదిలిస్తే గడ్డం మురికి,
గాల్లోకి లేచిన ఉత్తరం మురికి.
మొదటి వారం సగం గడ్డం మింగేసింది,
మేకని మించిన మేక.
"గీత పోయాక మిగిలేది రంగునీళ్ళే" అని
లోర్నా పెట్రోసియన్ బల్ల గుద్దింది.
ఆ గడ్డాన్ని చేత్తో మళ్ళీ నాటాం,
వెంట్రుకా వెంట్రుకా, నారు నాటినట్టు.

ఆరువేల నలభై ఎనిమిదో ఫ్రేము.
కుడి చెవి లోపల ఏదో మసక.
దుమ్మే అనుకున్నాను.
పెద్దది చేశాను, ఇంకా పెద్దది చేశాను.
బొటనవేలు.
శంఖమా చక్రమా అని చూశాను, చేతులు చూసే అలవాటు లేకపోయినా.
చక్రం.

జీతాల చిట్టా నకలొకటి మా బీరువాలో ఉంది.
సిరా గదిలో ఇరవై ఇద్దరు ఆడవాళ్ళు.
దుమ్ము లేస్తుందని ఆగస్టులోనూ ఫ్యాన్ వెయ్యరు.
చేతులకి నూలు తొడుగులు,
కలం పట్టే వేళ్ళ దగ్గర కత్తిరించినవి.
మిల్డ్రెడ్ యూర్గెన్స్, ఓపల్ టట్‌హిల్, కాన్సుయెలో బర్రేరా,
తక్కినవాళ్ళూ.
టైటిల్ కార్డు మీద దర్శకుడున్నాడు,
సంగీతమున్నాడు,
వీళ్ళలో ఒక్క పేరూ లేదు.

చదువు రానివాళ్ళు వేలిముద్ర వేస్తే
పక్కన కరణం రాసేవాడు, ఫలానావారి నిశానీ అని.
ఈవిడకి చదువొచ్చు.
ఊపిరి బిగబట్టి ఒక్క దూకుడులో
మేక వెన్ను గీయడమొచ్చు.
లేనిది చోటొక్కటే.
పక్కన రాసే కరణమూ లేడు.

చెరపమంది రూలు.
చెరిపాను కూడా.
చెవి నున్నగా, కొత్త ప్లాస్టిక్ దొప్పలా మెరిసింది.
కాసేపు చూసి
వెనక్కి నొక్కాను.
ముద్ర తిరిగొచ్చింది.
రెండే ఫ్రేములు, సెకనులో పన్నెండో వంతు,
రెప్ప కూడా పూర్తిగా పడదు.
లోర్నా నా భుజం మీదుగా చూసింది,
కాఫీకని లేచి వెళ్ళింది.

నవంబరులో డిస్కులు పెట్టెల్లో బయల్దేరాయి.
జనవరిలో టొలీడో నుంచి ఉత్తరం.
డెల్బర్ట్ హాస్కిన్స్, రిటైరైన బస్సు మెకానిక్.
"నాలుగో నిమిషం, పన్నెండో సెకను.
మేక కుడి చెవిలో మరక.
నలభై డాలర్లు పోశాను.
మీరు నిద్రపోతున్నారా?"

జవాబు మూడుసార్లు మొదలెట్టాను.
"అయ్యా, అది మరక కాదు" దగ్గరే
కలం ఆగిపోతోంది.
తరవాత ఒక పేరు రాయాలి,
ఇరవై రెండింటిలో ఏదో తెలియదు.

ఉత్తరం నా బల్ల మీదే ఉంది,
తినిపెట్టే మేక లేక.